ఉడుత పిల్ల గూటి నుంచి పడితే: ముందు వెచ్చదనం, తర్వాత నీరు, ఆఖరున పాలు

సంక్షిప్తంగా: తుపానులు, కొమ్మల నరికివేత, ఇళ్ల మరమ్మతులు, వరికోతల వల్ల తెలుగు రాష్ట్రాలను ఆనుకున్న ఒడిశా, మహారాష్ట్ర జిల్లాల్లో ఉడుత, ఎలుక జాతి పిల్లలు తల్లికి దూరమవుతుంటాయి. దొరికిన ప్రతి పిల్లా అనాథ కాదు. నిజంగా తల్లి లేని పిల్లకు ఆకలి కంటే ముందు చలి, పొలమారడం, విరేచనాలు ప్రాణాంతకమవుతాయి. అందుకే ఏమి పెట్టాలన్నదానికంటే ఏది ముందు, ఏది తర్వాత అన్నదే ముఖ్యం. పెంచడం ఎంత అవసరమో, తిరిగి వదలడం, అటవీ శాఖకు తెలియజేయడం అంతే అవసరం.

ఏ కాలంలో, ఎందుకు

ఒడిశాలోని బరంపురం, పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వైపు తెలుగు ఇళ్లలో దసరాకు ముందు అటకలు దులపడం, పెంకులు సర్దించడం మామూలే. సరిగ్గా ఆ రోజుల్లోనే తుపానులు కూడా వస్తాయి. 2013 అక్టోబరు 12న ఫైలిన్ గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటింది. 2014లో అదే తేదీన హుద్‌హుద్ విశాఖ తీరాన్ని తాకింది. 2018 అక్టోబరు 11న తిత్లీ పలాస దగ్గర తీరం దాటి గజపతి జిల్లా మీదుగా పోయింది. ఇలాంటి గాలికి కూలిన కొబ్బరి, మామిడి, చింత చెట్లతో పాటు వాటిలోని గూళ్లూ నేలపాలవుతాయి. ఉడుతకు ఏడాదిలో ఒక్కటే ఈనిక కాలం అంటూ ఉండదు కాబట్టి ఏ చెట్టు కూలినా అందులో పిల్లలుండే అవకాశం ఉంటుంది.

తుపాను లేని ఏడాది కూడా ఈ ఇబ్బంది తప్పదు. వర్షాలకు ముందు కరెంటు తీగలకు అడ్డొచ్చే కొమ్మలు కొట్టేస్తారు. రోడ్లు వెడల్పు చేసేటప్పుడు పాత చెట్లు పోతాయి. కొబ్బరి పీచు, దూది, గోనె నారతో ఉడుత కట్టుకునే గూడు ఇప్పుడు చెట్టు మీదే కాదు, ఏసీ పెట్టె వెనకా, మీటరు బోర్డు సందులోనూ, వాడని ఎగ్జాస్ట్ ఫ్యాన్ కన్నంలోనూ కనిపిస్తోంది. మెకానిక్ వచ్చి మూత తీసేదాకా అక్కడ గూడుందని ఇంట్లోవాళ్లకు తెలియదు.

పొలాల్లో పరిస్థితి వేరు. వంశధార ఒడ్డున కాశీనగర్, గుణుపురం ప్రాంతాల్లో ఖరీఫ్ వరి కోసేటప్పుడు పందికొక్కుల కలుగులు బయటపడతాయి. పందికొక్కు వెన్నులు కొరికి కలుగులో దాచుకుంటుంది. ఆ గింజల కోసం కొందరు, నష్టం ఆపడానికి కొందరు వాటిని తవ్వుతారు. విషపు ఎర పెట్టినచోట పిల్లల కష్టం మరీ ఎక్కువ. జింక్ ఫాస్ఫైడ్ తిన్న తల్లి గంటల్లో చనిపోతుంది. బ్రోమాడియోలోన్ తిన్నదానికి కొన్ని రోజులు పడుతుంది. ఎర ఏదైనా, కలుగులోని పిల్లలకు పాలు ఆగిపోతాయి. కాస్త ఎదిగినవి ఆకలికి తట్టుకోలేక పాక్కుంటూ గట్టు మీదకు వస్తాయి. పగటిపూట గట్టున కనిపించే పిల్లల వెనక తరచూ ఇదే కారణం ఉంటుంది.

ముందు తేల్చుకోవాల్సింది: అది అనాథేనా?

మనిషి చేయి తగిలితే తల్లి ఇక దగ్గరకు రానివ్వదన్న నమ్మకం చాలామందిలో ఉంది. ఉడుత విషయంలో ఇది నిజం కాదు. తల్లి ఉడుత వాసనతో, పిల్ల కిచకిచతో తన పిల్లను గుర్తుపట్టి, నోట కరచుకుని మరో గూటికి మోసుకుపోతుంది. కాబట్టి గాయం లేని పిల్ల దొరికినప్పుడు మొదటి పని దాన్ని వెచ్చబరచడం, రెండోది తల్లికి అవకాశం ఇవ్వడం.

ఒక చిన్న అట్టపెట్టెలో మెత్తని కాటన్ గుడ్డ పరిచి, పిల్లను పెట్టి, పడిన చెట్టు మొదట్లోనో పక్క చెట్టుకు మనిషి ఎత్తునో కట్టాలి. గుడ్డ అడుగున గోరువెచ్చని నీళ్ల సీసా ఉండాలి. పెట్టెను మూసేయకూడదు. మనుషులు, పిల్లులు, కుక్కలు దూరంగా ఉండాలి. చీమలు ఎక్కకుండా చూడాలి, ఎందుకంటే ఎర్రచీమలు గంటలోపే కళ్లు, పెదవుల దగ్గర పట్టేస్తాయి. ఉడుత పగలు తిరిగే జంతువు కనుక చీకటి పడ్డాక తల్లి వెతుకుతూ రాదు. పొద్దువాలే వరకు చూసి, రాకపోతే పిల్లను లోపలికి తెచ్చుకోవాలి. పిల్లి నోట పడిన పిల్లకు మాత్రం ఈ ఎదురుచూపు పనికిరాదు. పిల్లి పంటి గాటు బయటికి చుక్కలా ఉన్నా లోపల చీము పడుతుంది. దానికి యాంటీబయాటిక్ కావాలి, అంటే పశువుల డాక్టరు కావాలి.

ముళ్లపంది పిల్ల సంగతి దీనికి పూర్తిగా భిన్నం. అదీ ఎలుకలున్న వర్గానికే చెందినా, తల్లి కడుపులో ఏడెనిమిది నెలలుండి కళ్లు తెరుచుకునే పుడుతుంది. మెత్తగా ఉన్న ముళ్లు పుట్టిన కొద్ది గంటల్లోనే గట్టిపడతాయి. తల్లీ తండ్రీ ఇద్దరూ ఒకే బొరియలో కాపురముండి పెంచుతాయి. బొరియ దగ్గర ఒంటరిగా కనిపించిన ముళ్లపంది కూనను అనాథ అనుకుని తీసుకురావడమంటే కన్నవాళ్ల దగ్గర నుంచి ఎత్తుకొచ్చినట్టే. ఎలుకా ఉడుతా మాత్రం బొచ్చు లేకుండా, కళ్లు, చెవులు మూసుకుని పుడతాయి. నల్ల ఎలుక, పందికొక్కు గర్భం మూడు వారాల చిల్లర మాత్రమే. చారల ఉడుతది ఐదారు వారాలు. కడుపులో పూర్తికాని ఎదుగుదల గూటిలో జరగాలి. పెంచేవాళ్ల పనంతా ఆ గూటి పరిస్థితిని మళ్లీ కల్పించడమే.

జాతిని గుర్తించడంలోనూ పొరపాట్లు జరుగుతుంటాయి. సాగిన మూతి, ఘాటైన వాసన ఉన్న చుంచు అసలు ఎలుక జాతే కాదు. అది పురుగులు తినే వేరే వర్గం. దాని పిల్లకు గింజలు, పండ్లు పెట్టి ఎన్ని రోజులు చూసినా లాభం లేదు. ఉడుత పిల్లకు బొచ్చు రాకముందే వీపు మీద చారల నీడ కనిపించడం మొదలవుతుంది. ఎలుక పిల్లకు ఆ చారలుండవు.

చల్లని ఒంట్లో పాలు ఎందుకు అరగవు

సాయం చేయాలనుకునేవాళ్లు మొదట చేసే పని పాలు పట్టడం. ఎక్కువ నష్టం జరిగేదీ అక్కడే.

బొచ్చు రాని పిల్ల తన ఒంటి వేడిని తాను కాపాడుకోలేదు. ఒళ్లు ఎంత చిన్నదైతే బరువుతో పోలిస్తే చర్మం అంత ఎక్కువ, వేడి అంత తొందరగా పోతుంది. గూటిలో తల్లి పొట్ట కింద, తోబుట్టువుల మధ్య ముద్దగా ఉండటం వల్లే అది బతుకుతుంది. నేలన పడి అరగంట తడిసిన పిల్లను అరచేతిలో పెట్టుకుంటే గులకరాయిలా చల్లగా తగులుతుంది. ఆ స్థితిలో పేగుల కదలిక దాదాపు ఆగిపోతుంది. రక్తం గుండెకు, మెదడుకు మళ్లుతుంది. అప్పుడు పట్టిన పాలు కడుపులో అలాగే నిలిచి పులుస్తాయి, గ్యాస్ నిండి పొట్ట బిగుసుకుంటుంది. చలికి మింగే శక్తి కూడా తగ్గిపోతుంది కనుక అదే పాలు ఊపిరితిత్తుల్లోకీ జారతాయి. పాలు తాగింది, రాత్రికి చచ్చిపోయింది అని తరచూ వినిపించే మాటకు వివరణ ఇదే. పాలు మంచివైనా కాకపోయినా ఫలితం మారదు.

అందువల్ల మొదటి అరగంట, అవసరమైతే గంట, వెచ్చదనం తప్ప మరేదీ ఇవ్వకూడదు. సీసాలో వేడినీళ్లు పోసి మందపాటి గుడ్డ చుట్టి, పెట్టెలో సగభాగం కిందే ఉంచాలి. వేడి ఎక్కువైతే పిల్ల రెండో సగానికి పాకగలగాలి. చాలామంది వేలాడదీసే బల్బు బొచ్చు లేని చర్మాన్ని ఎండగట్టేస్తుంది, దగ్గరగా ఉంటే కాల్చేస్తుంది. ఎండలో పెట్టడం అంతకంటే ప్రమాదం. నీళ్లు రెండు గంటలకోసారి మార్చాలి. చల్లారిన సీసా ఒంటి వేడిని తిరిగి లాగేస్తుంది కాబట్టి రాత్రి మరచిపోవడానికి లేదు. కొరాపుట్ కొండల్లో డిసెంబరు రాత్రులకు, బరంపురం తీరంలో రాత్రులకు తేడా చాలా ఉంటుంది. ఒకచోట సరిపోయిన సీసా మరోచోట సరిపోదు.

రెండో దశ నీరు. భుజాల మధ్య చర్మాన్ని మెల్లగా పట్టి వదిలితే వెంటనే సర్దుకోవాలి. గుడారంలా నిలిచిపోతే ఒంట్లో నీరు తగ్గిందని అర్థం. మెడికల్ షాపులో దొరికే ఓఆర్ఎస్ దీనికి పనికొస్తుంది, కాని ప్యాకెట్ మీద రాసినన్ని నీళ్లలో మొత్తం పొడి కలపాలి. చిటికెడు తీసి గ్లాసులో వేస్తే ఉప్పు, గ్లూకోజుల పాళ్లు తప్పుతాయి. ఉప్పు ఎక్కువైతే అది ఒంట్లో నీటిని ఇంకా లాగేస్తుంది. వట్టి చక్కెర నీళ్లలో శక్తి ఉన్నా పోయిన లవణాలు తిరిగి రావు. గోరువెచ్చని ఓఆర్ఎస్ ఒకటి రెండు విడతలు పట్టి, మూత్రం వచ్చిందని చూశాకే పాల దశకు వెళ్లాలి.

ఏ పాలు, ఎందుకు

ఇంట్లో ఉండేవి ఆవుపాలు, గేదెపాలు, పసిపిల్లల పాలపొడి. వీటిని ఎలుక పాలతో పోల్చి చూస్తే సమస్య తెలిసిపోతుంది. ఆవుపాలలో కొవ్వు సుమారు 4 శాతం, మాంసకృత్తులు 3 శాతం పైన, లాక్టోజ్ అనే పాల చక్కెర 5 శాతానికి దగ్గర. గేదెపాలలో కొవ్వు 6 నుంచి 8 శాతం వరకు ఉన్నా లాక్టోజ్ దాదాపు అంతే. ఎలుక పాలలో కొవ్వు 10 శాతం దాటుతుంది, మాంసకృత్తులు సుమారు 8 శాతం, లాక్టోజ్ మాత్రం 3 శాతం ప్రాంతంలోనే ఉంటుంది. ఉడుత పాలు కూడా ఇలా చిక్కగా, కొవ్వు ఎక్కువగా ఉండే రకమే. పసిపిల్లల పాలపొడి తల్లిపాలను అనుసరించి చేస్తారు. తల్లిపాలలో లాక్టోజ్ 7 శాతం వరకు, మాంసకృత్తులు 1 శాతం దాకా ఉంటాయి. అంటే మనిషి బిడ్డకు శ్రేష్ఠమైన ఆ పాళ్లు ఎలుక పిల్లకు పూర్తిగా తలకిందులు.

మోతాదు మించిన లాక్టోజ్ చిన్నపేగులో జీర్ణం కాకుండా కిందికి దిగి నీటిని లాక్కుంటుంది, అక్కడి సూక్ష్మజీవులు దాన్ని పులియబెడతాయి. ఫలితం పల్చటి విరేచనం. 15 గ్రాముల ప్రాణికి రెండు మూడు విరేచనాలే ఒంట్లోని నీటిని లాగేయడానికి చాలు. ఈ కారణంగానే వన్యప్రాణుల సంరక్షకులు కుక్కపిల్లల కోసం చేసే పాలపొడి వాడతారు. దానిలో కొవ్వు, మాంసకృత్తులు ఎక్కువ, లాక్టోజ్ తక్కువ. బరంపురం, చంద్రపూర్, నాందేడ్ లాంటి ఊళ్లలో పెట్ షాపుల్లో దొరుకుతుంది, లేదా ఆన్‌లైన్లో తెప్పించుకోవచ్చు. మహారాష్ట్రలో గడ్చిరోలి జిల్లాలోని సిరోంచలాంటి చోట పార్సిల్ వచ్చేలోగా రెండు మూడు రోజులు గడవాలి. ఆ లోపు మేకపాలు కాచి, చల్లార్చి, మొదట ఓఆర్ఎస్‌తో పల్చగా కలిపి పట్టడం ఉన్నంతలో నయం. అది తాత్కాలికమేనని గుర్తుంచుకోవాలి. పాలు మార్చినప్పుడల్లా ఒక్కసారిగా కాకుండా రెండు రోజుల్లో క్రమంగా పాళ్లు పెంచాలి.

ఎంత, ఎలా పట్టాలి

ఒక విడతకు బరువులో సుమారు 5 శాతం. 20 గ్రాముల ఉడుత పిల్లకు 1 మిల్లీలీటరు. అప్పుడే పుట్టిన చిట్టెలుక పిల్ల గ్రాము, గ్రామున్నర తూగుతుంది. దాని భోజనం ఒక చుక్క, మహా అయితే ఒకటిన్నర. లెక్క ఇంత చిన్నది కనుకే చెంచాలు, ఇంకు ఫిల్లర్లు, 5 ఎంఎల్ సిరంజిలు పనికిరావు. సూది తీసేసిన 1 ఎంఎల్ సిరంజి కావాలి, గ్రాముల్లో తూచే చిన్న త్రాసు కావాలి. రోజూ ఒకే వేళకు తూచి బరువు రాసుకుంటే, పెరుగుదల ఆగిన రోజే సమస్య తెలుస్తుంది. కంటికి కనిపించేదాకా ఆగితే ఆలస్యమవుతుంది.

పిల్లను వెల్లకిలా పడుకోబెట్టి పట్టకూడదు. గుడ్డలో చుట్టి, కాళ్లు కిందికి, తల కొంచెం పైకి ఉండేలా బోర్లాగా పట్టుకోవాలి. సిరంజి మొనను పెదవి పక్కన ఆనించి చుక్క ఊరనివ్వాలి, నాలుక దాన్ని నాకి మింగేదాకా రెండో చుక్క రాకూడదు. ఆకలితో ఉన్న పిల్ల ముందుకాళ్లతో సిరంజిని పట్టుకుని గుంజుతుంది. అప్పుడే బొటనవేలు ఒత్తిడి ఎక్కువై పాలు ముక్కులోకి వస్తాయి. ముక్కు రంధ్రం దగ్గర తెల్లటి బుడగ కనిపిస్తే వెంటనే ఆపి, తల కిందికి వంచి, దూది కొసతో తుడవాలి. ఇలా పొలమారిన పిల్లకు ఒకటి రెండు రోజుల్లో ఊపిరి తీసేటప్పుడు టిక్కుటిక్కుమనే చప్పుడు వస్తే న్యుమోనియా మొదలైనట్టు అనుకోవాలి. ఇంట్లో చేసే చిట్కాలు దానికి పనిచేయవు.

బొచ్చు రాని దశలో రెండు మూడు గంటలకోసారి, రాత్రి కూడా పట్టాలి. బొచ్చు వచ్చాక నాలుగు గంటలకోసారి సరిపోతుంది. ప్రతి విడత తర్వాత చాలామందికి తెలియని పని ఒకటుంది. తల్లి నాకితే తప్ప ఈ వయసు పిల్లలకు మలమూత్రాలు రావు. గోరువెచ్చని నీటిలో తడిపి పిండిన దూదితో పొట్ట కింది భాగాన్ని, తోక మొదలును మెత్తగా తుడుస్తూ ఉండాలి. చుక్కలుగా మూత్రం వస్తుంది. ఈ పని మానేస్తే పాలు ఎంత చక్కగా పట్టినా మూత్రాశయం ఉబ్బి పిల్ల చనిపోతుంది. కళ్లు తెరిచేదాకా ఇది సాగాలి. ఎలుకకు కళ్లు రెండు వారాలకు తెరుచుకుంటాయి, మూడు వారాలకు పాలు మానేస్తుంది. ఉడుత చాలా నెమ్మది, పాలు పూర్తిగా మానడానికి రెండు నెలలు, ఒక్కోసారి అంతకు పైగా పడుతుంది. ఉడుతను పెంచడానికి పూనుకునేవాళ్లు ఈ కాలాన్ని ముందే లెక్కలో పెట్టుకోవాలి. పది రోజుల సెలవులో అయ్యే పని కాదిది.

ఘనాహారం మొదలయ్యాక వచ్చే పొరపాటు వేరుశనగలు, పొద్దుతిరుగుడు గింజలే పెట్టడం. ఉడుత ఇష్టంగా తింటుంది కనుక మంచివే అనిపిస్తాయి. వీటిలో ఫాస్ఫరస్ ఎక్కువ, కాల్షియం తక్కువ. వారాల తరబడి ఇవే తిన్న పిల్లకు ఎముకలు మెత్తబడి వెనక కాళ్లు ఈడుస్తుంది. లేత చిగుళ్లు, మొగ్గలు, జామ, రేగు లాంటి స్థానిక పండ్లు, కాస్త ఎండ, కొరకడానికి పచ్చి కొమ్మ ఉండాలి. ఈ జాతుల ముందుపళ్లు జీవితాంతం పెరుగుతూనే ఉంటాయి. కొరికే పని లేకపోతే అవి వంకర తిరిగి నోరు మూతపడనివ్వవు.

మనిషికి ఉన్న ప్రమాదం

ఎలుక మూత్రం ద్వారా లెప్టోస్పైరోసిస్, కాటు ద్వారా ఎలుక కాటు జ్వరం వస్తాయి. ఎలుకల మీద బతికే, చిగ్గర్లనే సూక్ష్మమైన పురుగు పిల్లలు స్క్రబ్ టైఫస్ అంటిస్తాయి. ఒడిశాలో ఈ జ్వరం కొత్తది కాదు, 2023 సెప్టెంబరులో బర్గఢ్ జిల్లాలో మరణాలు కూడా నమోదయ్యాయి. పొలంలో దొరికిన పిల్లలను తెచ్చిన రెండు మూడు వారాల్లో జ్వరం వస్తే ఆ సంగతి డాక్టరుకు తప్పక చెప్పాలి. సమయానికి గుర్తిస్తే డాక్సీసైక్లిన్‌తో తగ్గే జబ్బు ఇది. రేబిస్ గురించిన భయం మాత్రం ఎక్కువ. ఎలుక, ఉడుత కాటుకు మన దేశంలో సాధారణంగా రేబిస్ టీకా అవసరం పడదని జాతీయ మార్గదర్శకాలు చెబుతాయి. కాటు పడిన తీరు అసాధారణంగా ఉంటే డాక్టరే నిర్ణయిస్తారు. ధనుర్వాతం సూది సంగతి అడగాలి. చేతి తొడుగులు, సబ్బుతో చేతులు కడగడం తప్పనిసరి. పసిపిల్లలు, గర్భిణులు ఉన్న ఇంట్లో ఈ పని పెట్టుకోకపోవడమే మంచిది.

చట్టం ఏమంటుంది

1972 వన్యప్రాణి రక్షణ చట్టాన్ని 2022లో సవరించారు. అది 2023 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. చట్టంలోని ఆరు షెడ్యూళ్లు, అంటే జాతుల జాబితాలు, నాలుగయ్యాయి. పాత చట్టంలో ఐదో షెడ్యూలు హానికర జంతువుల జాబితా, కాకి, పండ్లు తినే గబ్బిలాలతో పాటు ఎలుకలు అందులోనే ఉండేవి. ఆ జాబితా ఇప్పుడు లేదు. ఉడుతల్లో పెద్దదైన బెట్టుడుతకు గట్టి రక్షణ ఉంది. మహారాష్ట్రకు అది రాష్ట్ర జంతువు. మహేంద్రగిరి వైపు తూర్పు కనుమల్లోనూ ఉంటుంది. దాని పిల్ల దొరికితే ఇంట్లో పెంచే ఆలోచనే వద్దు. రక్షిత జంతువు ఎవరి చేతికి వచ్చినా 48 గంటల్లోగా సమీప పోలీసు స్టేషనుకో, అటవీ అధికారికో తెలియజేయాలని చట్టంలోని 39వ సెక్షన్ చెబుతుంది. మహారాష్ట్రలో అటవీ శాఖ హెల్ప్‌లైన్ 1926. ఒడిశా వైపు అటవీ శాఖ రేంజ్ ఆఫీసుకో డివిజన్ ఆఫీసుకో చెప్పాలి.

చిక్కు దూరంలో ఉంది. సిరోంచ నుంచి జిల్లా కేంద్రం గడ్చిరోలికే సుమారు 200 కిలోమీటర్లు. వన్యప్రాణుల ట్రాన్సిట్ చికిత్స కేంద్రం ఉన్న నాగపూర్ ఇంకా దూరం. బరంపురం నుంచి పశువైద్య కళాశాల ఉన్న భువనేశ్వర్ 170 కిలోమీటర్ల పైన, పర్లాకిమిడి, రాయగడ వాళ్లకు అంతకన్నా ఎక్కువ. ఊళ్లలోని పశువుల ఆస్పత్రి ఆవులు, మేకల కోసం ఏర్పడింది. 15 గ్రాముల ప్రాణికి మందు మోతాదు వేయడం అక్కడ రోజూ జరిగే పని కాదు. దాంతో మొదటి ఇరవైనాలుగు గంటలు పిల్ల భారం దొరికినవాళ్ల మీదే పడుతుంది. తుపాను ముందు రేంజ్ ఆఫీసుల్లో రంపాలు, తాళ్లతో పాటు ఒక వేడినీళ్ల సంచి, గ్రాముల త్రాసు, 1 ఎంఎల్ సిరంజిలు, కుక్కపిల్లల పాలపొడి డబ్బా ఉంచడానికి పెద్ద ఖర్చు కాదు. దీన్ని వెంటనే చేయవచ్చు, చేయాలి కూడా.

తిరిగి వదలడం, పందికొక్కు ప్రశ్న

ఉడుతను ఒక ఉదయం తలుపు తీసి వదిలేస్తే డేగకో పిల్లికో దొరుకుతుంది. పంజరాన్ని చెట్టు నీడలో కొన్ని రోజులు వేలాడదీసి, చుట్టూ ఉన్న చప్పుళ్లు, వాసనలు అలవాటయ్యాక తలుపు తెరిచి ఉంచి, కొన్నాళ్లు ఆహారం అక్కడే పెట్టడం సరైన పద్ధతి. దొరికిన చోటికి దగ్గరగానే వదలాలి. పాలు మానాక చేతిలోకి తీసుకోవడం తగ్గించాలి. మనిషి భుజం ఎక్కే ఉడుత చూడటానికి ముద్దుగానే ఉంటుంది, కాని అది పిల్లిని చూసి పారిపోవడం నేర్చుకోలేదు.

రామసేతు కథ విన్న ఇంట్లో ఉడుత పిల్లకు చోటు దొరుకుతుంది, పందికొక్కు పిల్లకు దొరకదు. రైతు దృష్టిలో దీనికి కారణం ఉంది. కోతకొచ్చిన వరిని కొరికేదాన్ని పెంచి మళ్లీ గట్టు మీద వదలమని అతనికి చెప్పడం న్యాయం కాదు, ఎవరికీ ఆ బాధ్యత లేదు. అయితే కలుగు తవ్వినప్పుడు బయటపడిన పిల్లలను ఎండలో గట్టు మీద వదిలేసి పోతే అవి గంటల తరబడి ప్రాణంతో కొట్టుకుంటాయి. పెంచే ఉద్దేశం లేనప్పుడు వాటిని పశువైద్యుడి దగ్గర బాధ లేకుండా ముగించడం, అది కుదరనిచోట తల్లి బతికుంటే కలుగును మళ్లీ మట్టితో కప్పి ఆ రోజుకు వదిలేయడం మెరుగు. విషపు ఎరకు బదులు కోతకు ముందే బోనులు పెట్టడం, గట్లు సన్నగా చేయడం, పొలంలో గుడ్లగూబలు వాలడానికి ఇంగ్లిషు T ఆకారపు కర్రలు పాతడం వల్ల అవి పిల్లలు పెట్టే దశకు ముందే ఎలుకల సంఖ్య తగ్గుతుంది. అప్పుడు తల్లి లేని పిల్లలు కలుగులో మిగిలే సందర్భాలే తగ్గిపోతాయి, ఎర తిన్న ఎలుకను పట్టి గుడ్లగూబ చావడమూ తప్పుతుంది.